బూడిద కింద రాజధాని: మాంట్‌సెరాట్ దీవిలో అసలేం జరిగింది?

రాజధానుల జాబితాల్లో ప్లిమత్ అనే పేరు ఇప్పటికీ కనిపిస్తుంది. మాంట్‌సెరాట్ అనే చిన్న కరీబియన్ దీవికి కాగితాల మీద రాజధాని అదే. అక్కడ మాత్రం ఒక్క మనిషి కూడా ఉండడు. ఒకప్పటి గవర్నమెంటు ఆఫీసులు, చర్చిలు, కొట్లు అన్నీ బూడిదలో, బురదలో, రాళ్లలో కూరుకుపోయాయి. చాలా మేడల పై అంతస్తులు మాత్రమే బయటికి కనిపిస్తాయి. పోలీసుల అనుమతి లేకుండా ఆ వైపు వెళ్లడానికి లేదు.

వివియన్ రిచర్డ్స్ పుట్టిన ఆంటిగ్వాకు నైరుతిగా 40 కిలోమీటర్ల పైచిలుకు దూరంలో ఉంటుంది మాంట్‌సెరాట్. పొడవు 16 కిలోమీటర్లు, వెడల్పు 11, విస్తీర్ణం దాదాపు 102 చదరపు కిలోమీటర్లు. ఇప్పటికీ బ్రిటన్ ఏలుబడిలోనే ఉంది. జనాభా ఐదు వేల లోపే. మన దగ్గర ఓ మోస్తరు పంచాయతీకి ఇంతకంటే ఎక్కువే ఉంటారు.

ఈ దీవి గురించి రాసేవాళ్లు మామూలుగా రెండు ముక్కలు చెప్పి ఊరుకుంటారు. 'మరకత ద్వీపం' అని పేరున్న ఐర్లాండ్ నుంచి జనం వచ్చి స్థిరపడ్డారు కాబట్టి ఇది 'కరీబియన్ మరకత ద్వీపం'. ప్రాచీన రోమన్ నగరం పాంపేలాగే దీన్నీ అగ్నిపర్వతం ముంచేసింది కాబట్టి 'ఈ కాలపు పాంపే'. టూరిస్టులను రప్పించడానికి రెండూ బాగానే పనికొస్తాయి, కానీ అసలు విషయం వాటి వెనక దాగిపోతుంది. కొండ పేలడం ప్రకృతి పని, ఎవరూ ఆపలేరు. మరి ఓడరేవు, ఆసుపత్రి, సచివాలయం, విమానాశ్రయం, మంచి పొలాలు అన్నీ పోయి పోయి ఆ కొండ చుట్టూనే ఎందుకున్నాయి? దీనికి జవాబు మూడున్నర శతాబ్దాల చరిత్రలో ఉంది.

మూడు కొండలు, ఒక వరస

దీవి అంతా అగ్నిపర్వతాలు పోసిన మట్టే. అట్లాంటిక్ సముద్రపు అడుగు పలక కరీబియన్ పలక కిందికి ఏడాదికి రెండు సెంటీమీటర్ల చొప్పున జారుతూ ఉంటుంది. అలా లోతుకు వెళ్లినచోట రాయి కరిగి పైకి తన్నుకొస్తుంది. లెస్సర్ యాంటిలీస్ దీవుల్లో చాలావరకు ఇలా పుట్టినవే. మాంట్‌సెరాట్‌లో ఈ పని ఉత్తరాన మొదలై దక్షిణానికి జరుగుతూ వచ్చింది. ఉత్తర కొసన సిల్వర్ హిల్స్ చాలా పాతవి, చల్లారి పది లక్షల ఏళ్లు దాటింది. మధ్యలో సెంటర్ హిల్స్. దక్షిణాన సూఫ్రియేర్ హిల్స్, అన్నిటికన్నా చిన్న వయసువి, ఇంకా వేడి తగ్గనివి.

కుర్ర కొండ పక్కన నేల సారవంతంగా ఉంటుంది. ఎత్తు ఎక్కువ కాబట్టి వాన కూడా బాగా పడుతుంది. పైగా తూర్పు నుంచి వీచే వ్యాపార పవనాలకు కొండ అడ్డు ఉండడంతో నైరుతి తీరంలో సముద్రం కాస్త నెమ్మదిగా ఉంటుంది, ఓడలకు లంగరు వేసుకోవడానికి అనువు. ఉత్తరం వైపేమో పొడి నేల, ఏటవాలు గుట్టలు. చెరకు తోట వేసి పంచదార ఓడకెక్కించాలనుకునే దొర ఎటు వెళ్తాడో వేరే చెప్పక్కర్లేదు.

దొరలు, బానిసలు, సెయింట్ పాట్రిక్

1493లో కొలంబస్ ఈ దీవి పక్కనుంచి వెళ్తూ బార్సిలోనా దగ్గరున్న మఠం పేరు పెట్టి పోయాడు, దిగనే లేదు. తోటల కోసం మనుషులు వచ్చింది 1632లో. సెయింట్ కిట్స్ దీవిలో ఇంగ్లీషు ప్రొటెస్టెంట్లతో పొసగని ఐరిష్ కాథలిక్కులు ఇక్కడికి చేరారు. వాళ్లలో చాలామంది ఓడ ఖర్చు కింద కొన్నేళ్లు చాకిరీ చేస్తామని ఒప్పంద పత్రం రాసిచ్చి వచ్చిన పేదవాళ్లు. 1678 లెక్కల్లో ఇక్కడి తెల్లవాళ్లలో పదింట ఏడుగురు ఐరిష్ వాళ్లే. కిన్సేల్, కార్క్ హిల్ లాంటి ఊళ్ల పేర్లు, రైలీ, స్వీనీ, ర్యాన్, ఫారెల్ లాంటి ఇంటిపేర్లు అలా మిగిలాయి. ఆ ఇంటిపేర్లున్న ఇప్పటి జనంలో ఎక్కువమంది ఆఫ్రికా నుంచి బానిసలుగా తెచ్చినవాళ్ల వారసులు.

ఇక్కడే టూరిస్టు బ్రోచర్లు కాస్త గొంతు తగ్గిస్తాయి. ఇంగ్లీషు వాళ్ల చేతిలో అణగారిన ఐరిష్ వాళ్లు ఇక్కడి ఆఫ్రికన్లతో కష్టసుఖాలు పంచుకున్నారన్నట్టు ఒక అందమైన కథ చలామణిలో ఉంది. ఒప్పంద కూలీల కష్టం నిజమే. కానీ పద్దెనిమిదో శతాబ్దం వచ్చేసరికి ఐరిష్ కుటుంబాల్లో కలిగినవాళ్లు తోటలు కొన్నారు, బానిసలనూ కొన్నారు. కొరడా పట్టిన చేతికి కులగోత్రాలతో పనేముంది?

ఈ చరిత్రకు ముడి పడిన రోజు 1768 మార్చి 17. ఐరిష్ వాళ్లు కొలిచే మతగురువు సెయింట్ పాట్రిక్ పండగ కదా, దొరలంతా విందులో, మందులో మునిగి ఉంటారు. గవర్నమెంట్ హౌస్ లోపల వడ్డించే బానిసలు కత్తులు చేజిక్కించుకోవాలి, బయట కాచుకున్నవాళ్లు ఒక్కసారిగా మీద పడాలి. ఇదీ పథకం. ఇద్దరు నాయకులు మాట్లాడుకుంటుంటే ఒక స్త్రీ చెవిన పడి గుట్టు రట్టయిందని జనం చెప్పుకుంటారు. తొమ్మిది మందిని ఉరితీశారు. 1985 నుంచి మార్చి 17 ఇక్కడ అధికారిక సెలవు రోజు. ఐర్లాండ్ బయట ఈ రోజున సెలవిచ్చే చోట్లు చాలా తక్కువ. డబ్లిన్‌లో అది మతగురువు పండగ. ఇక్కడ దానితోపాటు ఉరికంబం ఎక్కినవాళ్ల సంస్మరణ కూడా. పాస్‌పోర్టు మీద ఐర్లాండ్ చిహ్నమైన మూడాకుల షామ్‌రాక్ ఆకుపచ్చ ముద్ర వేయించుకుని మురిసిపోయే టూరిస్టులందరికీ ఈ సంగతి తెలుస్తుందా అంటే అనుమానమే.

1834లో బానిసత్వం రద్దయింది. చేతిలో కాగితం వచ్చింది గానీ కాలి కింద నేల రాలేదు. భూమి దొరల పేర్లమీదే ఉండిపోయింది. పంచదార ధర పడిపోయాక నిమ్మ తోటలు వేశారు. బ్రిటన్‌లో బానిసత్వ వ్యతిరేక ఉద్యమం నడిపిన స్టర్జ్ కుటుంబం పెట్టిన కంపెనీ మాంట్‌సెరాట్ నిమ్మరసాన్ని ఇంగ్లండ్ దుకాణాల దాకా చేర్చింది. ఆ తర్వాత పత్తి వచ్చింది. పంట ఏదైతేనేం, కౌలు పద్ధతి మాత్రం రైతుకు మిగల్చలేదు. కూలీల తరఫున యూనియన్ కట్టి పోరాడిన విలియం బ్రాంబుల్ 1960ల మొదట్లో దీవికి తొలి ముఖ్యమంత్రి అయ్యాడు. ఈలోగా 1950లలోనే వేలమంది ఓడెక్కి ఇంగ్లండ్ పోయారు. అంటే ఈ దీవి ఖాళీ కావడం అగ్నిపర్వతంతో మొదలవలేదు, అప్పటికే అదొక అలవాటు.

హ్యూగో, ఆపైన కొండ

1980లు కాస్త కలిసొచ్చిన కాలం. బీటిల్స్ రికార్డుల నిర్మాత జార్జ్ మార్టిన్ 1979లో ఇక్కడ ఎయిర్ స్టూడియోస్ పెట్టాడు. డైర్ స్ట్రెయిట్స్, ద పోలీస్, ఎల్టన్ జాన్, పాల్ మెకార్ట్‌నీ లాంటివాళ్లు వచ్చి రికార్డింగులు చేసుకుని వెళ్లారు. దీవి బిడ్డ అల్ఫోన్సస్ కాసెల్, యారో అనే పేరుతో 1982లో పాడిన సోకా (కరీబియన్ హుషారు సంగీతం) పాట ఖండాలు దాటింది. ఆ రోజుల్లోనే గవర్నమెంటు అడిగిన ప్రతివాడికీ బ్యాంకు లైసెన్సు ఇచ్చేసింది. ఇంత చిన్న దీవిలో 300 పైచిలుకు బ్యాంకులు వెలిశాయి. చాలావాటికి బోర్డు కూడా లేదు. 1989లో గుట్టు బయటపడి లైసెన్సులు ఊడాయి.

అదే ఏడాది సెప్టెంబరు 17న హ్యూగో తుపాను. ఇళ్లలో నూటికి తొంభైకి పైగా దెబ్బతిన్నాయి. స్టూడియో మళ్లీ లేవలేదు. మూలిగే నక్క మీద తాటిపండు పడ్డట్టయింది. ఊరిని మళ్లీ కట్టుకోవాల్సి వచ్చింది. ప్లిమత్‌లో కొత్త ప్రభుత్వ భవనాలు, ఆసుపత్రి, గ్రంథాలయం లేచాయి.

ఈ వ్యవహారంలో మింగుడుపడనిది ఇదే. తుపానుకు ఒకటి రెండేళ్ల ముందే వాడ్జ్, ఐజాక్స్ అనే ఇద్దరు శాస్త్రవేత్తలు సూఫ్రియేర్ హిల్స్‌ను పరిశీలించి, కొండ మేలుకుంటే ప్లిమత్‌కు ముప్పు తప్పదని నివేదిక ఇచ్చారు. 1890ల చివర్లో, 1930లలో, 1960లలో, అంటే ముప్ఫై ఏళ్లకోసారి లెక్కన, కొండ కింద భూకంపాల పరంపర వచ్చి పోయిన సంగతీ తెలిసిందే. ఆ లెక్క ప్రకారం తర్వాతి వంతు 1990లదే. నివేదిక ఏ బీరువాలో పడుకుందో గానీ, కొత్త భవనాలన్నీ కొండ దారిలోనే కట్టారు. బూడిదలో పోసిన పన్నీరు అనే మాట ఇంత అక్షరాలా సరిపోయే సందర్భం ఇంకోటి దొరకదు.

దీనికి అధికారుల నిర్లక్ష్యం ఒక్కటే కారణమనుకుంటే పొరపాటు. రేవు అక్కడుంది, రోడ్లన్నీ అక్కడికే పోతాయి, స్థలాల పత్రాలు అక్కడివే. చెరకు దొరలు గీసిన గీత మీదే ఊరు మూడు వందల ఏళ్లు పెరిగింది. అది మార్చాలంటే ఉత్తరాన కొత్త రేవు కట్టాలి, నీళ్లు తేవాలి, భూములు కొనాలి. లండన్ నుంచి వచ్చే గ్రాంటు మీద బతికే ప్రభుత్వానికి ఆ స్తోమత ఎక్కడిది?

1995 జులై 18న కొండ పొగ కక్కడం మొదలుపెట్టింది. రాతల్లో నమోదైన చరిత్రలో అది పేలడం అదే మొదటిసారి. ఆగస్టు 21న బూడిద మేఘం ప్లిమత్‌ను కమ్మేసి పట్టపగలు చీకటైపోయింది. జనాన్ని ఉత్తరానికి తరలించారు, వెనక్కి పంపారు, మళ్లీ తరలించారు. 1996 ఏప్రిల్‌లో ఖాళీ చేసిన ఊరికి తిరిగి వెళ్లడం ఇక కుదరలేదు.

ఇక్కడి లావా ఏరులా పారే రకం కాదు. అది చాలా చిక్కగా ఉండి గొంతు దగ్గరే గుమ్మటంలా పేరుకుంటుంది. పెరిగి పెరిగి అంచు విరిగితే వందల డిగ్రీల వేడి వాయువు, బూడిద, బండలు కలిసి కారు వేగాన్ని మించి లోయల వెంట దూకుతాయి. ఇక్కడి భాషలో 'గట్' అనే వాగు లోయలే వాటికి రాజమార్గాలు. 1997 జూన్ 25న అలాంటి ప్రవాహం ఈశాన్యం వైపు దూకి 19 మందిని చంపింది. ఆ ప్రాంతంలోకి వెళ్లొద్దని హెచ్చరికలున్నాయి. అయినా ఎందుకు వెళ్లారు? ఉత్తరాన చర్చిల్లో, బడుల్లో కిక్కిరిసిన శిబిరాల్లో నెలలు గడపాలి. పండే నేలేమో కొండ కింద ఉంది. కూరగాయలు కోసుకోవాలి, పశువులను చూసుకోవాలి. మంచి నేల ఎటున్నదన్న పాత లెక్కే వాళ్లను అక్కడికి లాగింది. ఆగస్టుకల్లా ప్లిమత్ కాలిపోయింది. కొండకు ఈశాన్యంగా తూర్పు తీరంలో ఉన్న విమానాశ్రయమూ ఆ ఏడే పనికిరాకుండా పోయింది. దానికి విలియం బ్రాంబుల్ పేరే పెట్టుకున్నారు.

అంతకుముందు దీవిలో పదకొండు వేల దాకా ఉండేవాళ్లు. 1998 నాటికి మూడు వేలకు అటూ ఇటూ మిగిలారు. సాయం పెంచమని అడిగినందుకు అప్పటి బ్రిటిష్ మంత్రి క్లేర్ షార్ట్, ఇక బంగారు ఏనుగులు కావాలంటారేమో అని వెటకారమాడింది. ఆ మాట దీవిలో ఇంకా ఎవరూ మర్చిపోలేదు. అమెరికా కొందరికి తాత్కాలిక రక్షణ కింద చోటిచ్చింది. 2005లో దాన్ని తీసేస్తూ చెప్పిన కారణం వింటే నవ్వాలో ఏడవాలో తెలియదు. అగ్నిపర్వతం ఇప్పట్లో ఆగేలా లేదు, కాబట్టి ఇది తాత్కాలిక సమస్య కాదు, కాబట్టి తాత్కాలిక రక్షణకు అర్హత లేదట! 2002లో బ్రిటన్ తన సముద్రాంతర ప్రాంతాలవాళ్లలో దాదాపు అందరికీ పూర్తి పౌరసత్వం ఇవ్వడంతో చాలామందికి ఇంగ్లండే ఇల్లయింది.

కొండ మాత్రం తన పని తాను చేసుకుపోయింది. 2003 జులైలో కూలిన గుమ్మటం దాదాపు 20 కోట్ల ఘనపు మీటర్ల రాయి. అంత పెద్ద గుమ్మటం కూలడం శాస్త్రవేత్తలు అంతకుముందు ఎక్కడా నమోదు చేయలేదు. చివరి పెద్ద కూలుడు 2010 ఫిబ్రవరి 11న. ఆ తర్వాత కొండ ఊపిరి తీస్తూనే ఉంది గానీ మీద పడలేదు. వాన పడితే మాత్రం పైనున్న బూడిద బురద వరదై దిగుతుంది. బెల్హమ్ లోయలో వంతెన, గోల్ఫ్ మైదానం అలాగే మట్టిలో కలిశాయి.

కప్ప, పిట్ట, మేకమాంసం

అడవి సంగతికొస్తే, మనుషులు ఖాళీ చేసిన చోట ప్రకృతి పండగ చేసుకుంటుందని ఊహించడం తేలిక. ఇక్కడ అలా జరగలేదు. దీవి జాతీయ పక్షి మాంట్‌సెరాట్ ఓరియోల్ ప్రపంచంలో ఇంకెక్కడా లేదు. మగపిట్ట నలుపు, పసుపు రంగుల్లో మెరుస్తుంటుంది. దాని అడవిలో సగానికి పైగా దక్షిణాన తుడిచిపెట్టుకుపోయింది. మిగిలిన సెంటర్ హిల్స్ మీద కూడా బూడిద పడితే ఆకుల మీది పురుగులు చచ్చి, గూట్లో పిల్లలకు తిండి కరువవుతుంది. వదిలేసిన పశువులు, మేకలు, పందులు అడవి పాలై మొక్కలను తినేస్తున్నాయి.

కప్ప కథ ఇంకా పెద్దది. 'కొండ కోడి' అని పిలిచే ఈ కప్ప కిలో దాకా తూగుతుంది. డొమినికాలో, ఇక్కడ తప్ప మరో చోట లేదు. కోడి రుచి ఉంటుందని రెండు దీవుల్లోనూ తిన్నారు. ఇది నీళ్లలో గుడ్లు పెట్టదు. నేలలో బొరియ చేసి నురగ గూడు కడుతుంది. అందులో పుట్టిన తోకకప్పలకు తల్లి ఫలదీకరణ కాని గుడ్లు పెట్టి మరీ మేపుతుంది. ఇంత శ్రద్ధగా పెంచుకునే జీవి బూడిదను తట్టుకుని నిలబడింది గానీ, 2009లో వచ్చిన కైట్రిడ్ అనే చర్మపు బూజు తెగులుకు కుప్పకూలింది. మిగిలినవాటిలో యాభై దాకా విమానమెక్కించి యూరప్ జూలకు పంపి వంశం కాపాడారు. బూజుకు వేడి పడదని తేలాక, 2019లో లండన్ నుంచి కొన్నింటిని వెనక్కి తెచ్చి, గోరువెచ్చటి నీటి గుంటలున్న ఆవరణలో పెట్టి చూశారు.

తిండి మాటెత్తితే జాతీయ వంటకం గోట్ వాటర్. పేరు చూసి చప్పగా ఉంటుందనుకోవద్దు. ఎముకతో సహా కొట్టిన మేకమాంసాన్ని లవంగాలు, జాపత్రి, థైమ్ ఆకు, ఉల్లిపాయలు, మిరపకాయ వేసి పెద్ద గుండిగలో గంటల తరబడి ఉడికిస్తారు. మన మటన్ పులుసుకు చుట్టమే, చింతపండు మాత్రం ఉండదు. బ్రెడ్డు ముంచుకుని తింటారు. పెళ్లయినా చావయినా ఇదే. ఐరిష్ కూర నుంచి వచ్చిందని కొందరంటారు, మసాలా చూస్తే ఆఫ్రికా, కరీబియన్ చేయే ఎక్కువని తోస్తుంది.

పండగల్లో మాస్కరేడ్ నాట్యం చూడాల్సిందే. తలమీద బిషప్ టోపీలా నిటారుగా లేచిన టోపీ, దానికి నెమలి ఈకలు, ముఖానికి తెల్లవాడి రంగు వేసిన జాలీ ముసుగు, ఒంటినిండా రిబ్బన్లు, చిన్న చిన్న అద్దాలు, గంటలు. చేతిలో కొరడా ఫట్ ఫట్‌మని మోగుతుంటుంది. అడుగులు క్వాడ్రిల్ అనే యూరప్ జంటల నాట్యానివి, డప్పు దరువు ఆఫ్రికాది. తోట దొర వేషం కట్టి, అతని నాట్యాన్నే ఆడుతూ, అతని కొరడానే ఆడిస్తూ వెక్కిరించడం ఇది. పిట్టలదొర వేషం చూసినవాళ్లకు అందులోని ఎత్తిపొడుపు ఇట్టే పట్టుబడుతుంది.

క్రికెట్ లేని కరీబియన్ ఉండదు. 1970ల చివర్లో ఆస్ట్రేలియా టీవీ యజమాని కెర్రీ ప్యాకర్ సొంతంగా నడిపిన సిరీస్‌లో వెస్టిండీస్‌కు ఆడిన జిమ్ అలెన్ ఇక్కడివాడే, టెస్ట్ క్యాప్ మాత్రం దక్కలేదు. ఆ ముచ్చట 2008లో లయొనెల్ బేకర్‌తో తీరింది. ఫుట్‌బాల్‌లో 2002 జూన్ 30న, అంటే ప్రపంచకప్ ఫైనల్ రోజునే, ఫిఫా జాబితాలో అట్టడుగున ఉన్న మాంట్‌సెరాట్, భూటాన్ జట్లు థింపూలో ఆడాయి. మాంట్‌సెరాట్ 4-0తో ఓడింది.

ఉత్తరాన ఊరు

ఇప్పుడు ఆఫీసులు ఉత్తరాన బ్రేడ్స్ అనే ఊళ్లో నడుస్తున్నాయి. 2005లో జెరాల్డ్స్ దగ్గర గుట్టను చదును చేసి చిన్న విమానాశ్రయం కట్టారు. రన్‌వే ఎంత పొట్టిదంటే బుల్లి విమానాలే దిగగలవు. లిటిల్ బే దగ్గర కొత్త ఊరు కడతామని ఏళ్లుగా ప్రణాళికలు నడుస్తున్నాయి. జార్జ్ మార్టిన్ 1997లో లండన్‌లో పెట్టిన కచేరీ డబ్బుతో మొదలైన కల్చరల్ సెంటర్ మాత్రం 2007లోనే తలుపులు తెరిచింది. భూమిలోని వేడితో కరెంటు తీయాలని 2013లో బావులు తవ్వారు, వేడి దొరికింది. ప్లిమత్ వైపు నుంచి లారీల్లో తోడుతున్న అగ్నిపర్వతపు ఇసుకేమో చుట్టుపక్కల దీవుల్లో ఇళ్ల నిర్మాణానికి వెళ్తోంది. ఊరిని పూడ్చిన సరుకే ఎగుమతుల్లో ముఖ్యమైనదైంది.

ప్రభుత్వ ఖర్చులో సగానికి పైగా ఇప్పటికీ బ్రిటన్ గ్రాంటే. ఉత్తరాన కొత్త ఇళ్లు కట్టడానికీ, ఆసుపత్రులూ షాపులూ నడపడానికీ గయానా, జమైకా, డొమినికా, డొమినికన్ రిపబ్లిక్‌ల నుంచి జనం వచ్చి స్థిరపడ్డారు. దీవి పేరు చెప్పుకునేవాళ్లలో ఎక్కువమంది లండన్, లెస్టర్ లాంటి చోట్ల ఉంటే, దీవిలో బతికేవాళ్లలో చాలామంది బయట పుట్టినవాళ్లు. దక్షిణాన భూమి పత్రాలు ఇంగ్లండ్‌లో బీరువాల్లో ఉన్నాయి, ఉత్తరాన ఇంటి స్థలం కోసం కొత్తవాళ్లు దరఖాస్తులు పెట్టుకుంటున్నారు. 1834లో తేలని భూమి లెక్క కొత్త రూపంలో మళ్లీ ముందుకొచ్చింది. ఈసారి అడిగేవాళ్లలో సగంమందికి ప్లిమత్ ఎలా ఉండేదో తెలియదు.